మెట్లు కడిగే వంతు

పోయిన వారం మనం ఐలీని మూడో అంతస్తు గదిలో, సర్దుకున్న సంచీ పక్కన, బూట్లయినా విప్పకుండా మంచం అంచున కూర్చోబెట్టి వచ్చేశాం. ఇవాళే కొత్తగా వచ్చి చేరినవాళ్ళు కంగారు పడనక్కర్లేదు. కథ మిమ్మల్ని వదిలేసి మరీ దూరం పోలేదు. మా రేవు ఊరు గ్రీనక్‌లో ఆగకుండా నడిచేది వాన ఒక్కటే.

ఐలీకి పదిహేడేళ్ళు. నీళ్ళకి ఆవల బ్యూట్ దీవిలో, పొలం గట్టున నిలిపిన కారవాన్ అనే చక్రాల ఇంట్లో, తల్లి మోర్వెన్‌తోనూ ఆమె చేరదీసిన షగ్ అనే మనిషితోనూ ఉండేది. "ఈ డబ్బా ఇంట్లో నేనైనా ఉండాలి, అదైనా ఉండాలి" అని షగ్ ఒకనాడు తేల్చి చెప్పాడు. మోర్వెన్ పొయ్యి మీది కెటిల్ వంక చూసింది గానీ కూతురి వంక చూడలేదు. ఆ మధ్యాహ్నమే పిల్ల పడవెక్కింది. ఆ తర్వాత స్నేహితుల సోఫాలు, వాళ్ళ స్నేహితుల సోఫాలు, ఏ సోఫా దొరకని రోజున రేవులో ప్రయాణికుల గది బెంచీ. ఇల్లు విడిచిన పిల్లల తరఫున నిలబడే 'గడప' అనే సంస్థలో పనిచేసే సెంగా రాఫర్టీ ఆమెని ఆ బెంచీ మీదే పట్టుకుంది. పట్టుకోవడమంటే పోలీసులు పట్టుకున్నట్టు కాదు. వేయించిన చేపా బంగాళదుంపల పొట్లం ఒకటి మధ్యలో పెట్టి, పక్కన కూర్చుని, తన వాటా తను తినేసి, మిగిలింది వదిలేసింది. మూడోసారి అలా కూర్చున్నాక ఐలీ నోరు విప్పింది.

ఇళ్ళ సంఘం వాళ్ళ చేత సెంగా ఆమెకి ఇల్లిప్పించింది, వీధి గుమ్మమూ మెట్ల దారీ అందరికీ ఒకటేగా ఉండే వాటాల మేడలో. అలాంటి మేడ మొత్తాన్నీ మా ఊళ్ళో గుమ్మం అనే అంటాం. ఆర్నెల్లు పరీక్ష. ఇరుగుపొరుగు నోరెత్తకపోతే ఇల్లు పిల్లది. ఎదురు తలుపు నెట్టా మెక్‌ఫెయిల్ నోరెత్తింది. సంఘం ఆఫీసరు లామొంట్ ఇవాళొచ్చి ఇల్లు ఉంచాలో తియ్యాలో తేలుస్తానన్నాడు. అదీ సంగతి.

సెంగా మెట్లెక్కుతోంది. పొట్టి మనిషి, పసుపు పచ్చ వానకోటు. ఆవిడ ఎక్కుతుంటే కింది వాటాల వాళ్ళు పియానో మోసుకొస్తున్నారేమో అనుకుని తలుపులు తీసి చూస్తారు. ఇలాంటి పంచాయితీలకి వెళ్ళేటప్పుడు గెలుస్తానా ఓడతానా అన్న ఆలోచన ఆవిడకి రాదు. టీ చల్లారేలోపు గెలుస్తానా, చల్లారాక గెలుస్తానా అన్నదే ఆలోచన. వెనకెప్పుడో ఒక ఇంటి యజమాని ఎవరో కుర్రవాణ్ణి వానలోకి గెంటేస్తే, సెంగా ఆ గుమ్మం ముందు మడత కుర్చీ వేసుకుని స్వెటరు అల్లడం మొదలుపెట్టిందట. అల్లిక మెడ దాకా వచ్చేసరికి యజమాని కుర్రవాణ్ణి లోపలికి పిలిచాడు. చేతులు పూర్తయ్యేసరికి ఆ స్వెటరు యజమానే తొడుక్కుని ఆవిడకి టీ తెచ్చిచ్చాడు. ఈ సంగతి చెప్పినవాడు స్వెటరు రంగు కూడా చెప్పాడు కనక నమ్మక తప్పదు.

తలుపు తీసే ఉంది. ఐలీ నిన్నటి నించీ కదిలినట్టు లేదు.

"ఏ ఊరు ప్రయాణం?" అంది సెంగా, సంచీని గడ్డంతో చూపించి.

"ఎలాగూ పొమ్మంటారు. అనకముందే పోతే ఆ మాట వినే పని తప్పుతుంది."

"భేష్. ఆట మొదలవకముందే ఓడిపోయేది మన ఊరి ఫుట్‌బాల్ జట్టు ఒక్కటే అనుకున్నాను. ముందు ఆ బూట్లు విప్పు."

"ఎందుకు?"

"బూట్లేసుకుని మాట్లాడేవాళ్ళ మాట ఎవరూ పట్టించుకోరు. పోయేవాడు ఏదైనా అంటాడు. ఉండేవాడు చెప్పిందే లెక్క. విప్పు."

ఐలీ విప్పలేదు గానీ తాళ్ళ ముడులు వదులు చేసింది. సెంగాకి అది చాలు. పక్కన కూర్చుంది. మంచం మూలిగింది.

"ఇప్పుడు నిజం చెప్పు. ఏం చేశావ్?"

"ఏమీ చెయ్యలేదు సెంగా. పాటలు పెట్టలేదు. ఎవర్నీ తీసుకురాలేదు. చప్పుడవుతుందని మేజోళ్ళతో మెట్లెక్కుతున్నాను. ఆవిడ ఎదురొస్తే గోడకి అతుక్కుని దారిస్తున్నాను. అయినా చూపుతోనే చంపుతోంది."

సెంగా ఆ ముఖంలోకి చూసింది. ముప్ఫై ఏళ్ళుగా ఇల్లు విడిచిన పిల్లల అబద్ధాలు వింటున్న మనిషి ఆవిడ. మంచి అబద్ధానికీ మామూలు అబద్ధానికీ తేడా చెప్పగలదు. ఇది రెండూ కాదు.

"సరే పద. నువ్వు ఏమీ చెయ్యలేదన్నది నిజమైతే, ఆవిడకి ఏదో చేశావనిపించిందన్నదీ నిజమే. ఆ రెంటి మధ్యా ఏముందో వెళ్ళి చూద్దాం."

నెట్టా మెక్‌ఫెయిల్ వంటగదిలో లామొంట్ అప్పటికే కూర్చుని ఉన్నాడు. సన్నగా పొడుగ్గా ఉంటాడు. చేతిలో గొడుగు, గొడుగులోంచి నీళ్ళు. ఆ నీళ్ళు తన నేల మీద పడకుండా నెట్టా దాని కింద సూప్ గిన్నె పెట్టింది. ఆమె ముందు ఓ పెద్ద టీ కుండ. నెట్టా తండ్రి ఓడల కార్ఖానాలో మేకులు కొట్టేవాడు. ఆయన కూతురు కాచిన టీతో ఇప్పటికీ ఓడ అడుక్కి రంగు వేసుకోవచ్చు. ఎనభై దాటింది. మోకాళ్ళు మొరాయిస్తాయి గానీ నోటికి ఇంకా ఏ జబ్బూ రాలేదు.

"కూర్చో సెంగా. ఆ పిల్లని నిలబడనీ. నిలబడ్డానికి మంచి కాళ్ళున్నాయిగా, దేనికీ వాడదు కదా," అంది.

లామొంట్ గొంతు సవరించుకుని ఫిర్యాదు చదివాడు. "ఉమ్మడి స్థలానికి సంబంధించిన బాధ్యతను ఉద్దేశపూర్వకంగా విస్మరించుట, మరియు తత్సంబంధమైన బాధ్యతను రెచ్చగొట్టు రీతిలో పొరుగువారికి తిప్పి పంపుట..."

"అదేం భాషయ్యా?" నెట్టా అడ్డొచ్చింది. "నేనలా అన్నానా? ఆ పిల్లకి పొగరన్నాను. పొగరని రాసుకో."

"ఆ మాట మా పద్ధతిలో ఉండదు మిసెస్ మెక్‌ఫెయిల్."

"పద్ధతిలో లేకపోతే పెట్టించుకో. బయట చాలా ఉంది."

సెంగా టీ కప్పు అందుకుంది. "ఏం పొగరు చేసింది? మీ మాటల్లోనే చెప్పండి, ఆయన మాటలు నాకూ అరగవు."

నెట్టా లేచింది. ఎవరూ సాయం చెయ్యొద్దన్నట్టు చెయ్యూపుతూ తలుపు దాకా వెళ్ళి, పిడికి తగిలించి ఉన్న ఒక చెక్క ముక్క తెచ్చి బల్ల మీద టప్పున పెట్టింది. అరచేతి వెడల్పు. పైన చిల్లు, చిల్లులో తాడు. ఒకప్పుడు దాని మీద ఏవో అక్షరాలుండేవి. నెట్టా తల్లి కాలంలోనే అరిగి నునుపెక్కాయి. చదవాల్సిన అవసరం ఎవరికీ రాలేదు కనక మళ్ళీ రాయించలేదు.

"ఇది ఎవరి తలుపుకి వేలాడితే ఆ వారం ఆ వాటా వాళ్ళు మెట్లు కడగాలి. కడిగి పక్క తలుపుకి తగిలించాలి. ఈ గుమ్మం కట్టిన నాటి నించీ ఇదే ధర్మం. యుద్ధంలో బాంబులు పడ్డ మర్నాడు మా అమ్మ కడిగింది. పై వాటా ఆగ్నెస్ కాన్పు నొప్పులు పడుతూ రెండో మలుపు దాకా కడిగి, అప్పుడు కనింది. మరి ఈ మహారాణి? నేను దీని తలుపుకి తగిలిస్తే, తెల్లారేసరికి తెచ్చి నా తలుపుకి తగిలించింది. పోనీలే మర్చిపోయిందనుకుని నా వంతు కాకపోయినా నేనే కడిగాను, ఈ మోకాళ్ళతో. మళ్ళీ తగిలించాను. మళ్ళీ తెచ్చింది. మళ్ళీ కడిగాను. మళ్ళీ తెచ్చింది. అదీ ఎలాగ? దొంగపిల్లిలా, మేజోళ్ళతో, చప్పుడు లేకుండా. ముసల్ది నువ్వే కడుక్కో అని ముఖాన కొట్టినట్టు."

లామొంట్ రాసుకుంటున్నాడు. సెంగా రాసుకోలేదు. ఆవిడ ఐలీని చూస్తోంది. పిల్ల ఆ చెక్క ముక్కని చూస్తోంది. దారి తప్పొచ్చిన పిల్లికి రోజూ పాలు పోసి పంపేసిన మనిషి, అది చివరికి తన పెంపుడు పిల్లే అని తెలిస్తే ఎలా చూస్తుందో అలా చూస్తోంది.

"అది మీది కాదా?" అంది ఐలీ నెమ్మదిగా.

"నాదేమిటి? గుమ్మానిది."

"మీదనుకున్నాను. ఎవరో పొరపాటున నా తలుపుకి తగిలించి పోతున్నారనుకున్నాను. మీ తలుపుకే చాలాసార్లు చూశాను కదా. అందుకని మీరు లేవకముందే తెచ్చి పెట్టేదాన్ని."

నెట్టా చెక్క వంకా, పిల్ల వంకా మార్చి మార్చి చూసింది.

"మెట్లు కడగాలని తెలియని మనుషులుంటారా లోకంలో?" నెట్టా అడిగింది. అడిగింది సెంగాని.

సెంగా కప్పు దించింది. ఆవిడకి నవ్వొచ్చింది, దాని వెనకే సిగ్గూ వచ్చింది. రెండూ ఒకే గుమ్మంలో ఇరుక్కున్నాయి. ఈ ఇంట్లో చేర్చేముందు పిల్లకి తను ఏం నేర్పలేదు? గ్యాస్ బిల్లు ఎలా కట్టాలో నేర్పింది. బాయిలర్ మొరాయిస్తే ఎక్కడ తన్నాలో నేర్పింది. ఏ రంగు చెత్తడబ్బా ఏ రోజు కిందకి దింపాలో పాటగా కట్టి మరీ నేర్పింది. మెట్ల సంగతి మాత్రం చెప్పలేదు. ఇలాంటి గుమ్మంలోనే పుట్టి, బకెట్టుకీ గుడ్డకీ మధ్య పాకుతూ పెరిగిన మనిషి ఆవిడ. చేపపిల్లకి నీళ్ళ గురించి ఎవరు చెబుతారు? చెప్పాలన్న ఊహే రాలేదు.

"ఉంటారు మిసెస్ మెక్‌ఫెయిల్," అంది సెంగా. "కారవాన్‌లో పెరిగిన పిల్ల. వాళ్ళ ఇంటికి మెట్టు ఒకటే. దాన్ని దేవుడే రోజూ కడుగుతాడు, రోజుకి నాలుగుసార్లు. ఈ చెక్క సంగతి చెప్పాల్సింది నేను. చెప్పలేదు. ఆయన పద్ధతిలో ఎవరి పేరైనా రాయాలంటే నా పేరు రాయమనండి."

లామొంట్ కలం ఆగింది. ఎవరి పేరూ రాయలేదు.

"తెలియకపోతే తలుపు కొట్టి అడగొచ్చు కదా. నేనేం కరుస్తానా?" అంది నెట్టా. అంతలోనే ముగ్గురి ముఖాలూ చూసి, "కరిస్తే మాత్రం? పళ్ళు పెట్టుడువి," అని కలిపింది.

ఐలీ గోడకి ఆనుకుని నిలబడింది. చెయ్యి చెక్క ముక్క తాడు మీదికి పోయింది.

"అలవాటు లేదండీ. వేరేవాళ్ళ సోఫా మీద పడుకునేటప్పుడు తలుపు కొట్టకూడదు. ఏమీ అడక్కూడదు. అడిగితే మనం ఉన్నామని గుర్తొస్తుంది వాళ్ళకి. వాళ్ళ వస్తువేదైనా మన దగ్గర కనబడితే, వాళ్ళు లేచేలోపు దాని చోట అది పెట్టెయ్యాలి. లేకపోతే తీశావంటారు. ఒక ఇంట్లో దువ్వెన కోసం నన్ను బయటికి పంపేశారు. అది తర్వాత సోఫా కిందే దొరికిందట. దొరికినా మళ్ళీ పిలవలేదు." ఊపిరి తీసుకుంది. "మీ వస్తువు మీకిస్తే మీరు సంతోషిస్తారనుకున్నాను."

నెట్టా చాలాసేపు టీ కుండ మూతని సరిచేసింది. మూత మొదటి నించీ సరిగ్గానే ఉంది.

"అయితే నా మోకాళ్ళ సంగతేమిటి?" అంది చివరికి. గొంతు మాత్రం ఇందాకటిది కాదు.

లామొంట్‌కి జాలేసినట్టే ఉంది. కానీ జాలి కూడా అతనికి క్యూలో నిలబడి, తన వంతు వచ్చాకే బయటికొస్తుంది. "ఫిర్యాదు దాఖలైంది కనక, దాన్ని ఇచ్చినవారే ఉపసంహరించుకుంటే తప్ప నేను మూసెయ్యలేను. ఇవాళ నేను బయల్దేరేలోపు," అన్నాడు.

"తీసుకోను," అంది నెట్టా.

ఐలీ వదులు చేసిన బూటు ముడుల వంక చూసుకుంది.

"ఊరికే తీసుకోను," అంది నెట్టా మళ్ళీ. "ఇప్పుడు కడగమను. పై మలుపు నించి వీధి గుమ్మం దాకా. నేను చూస్తాను. బాగుంటే నా పొగరు నేను వెనక్కి తీసుకుంటాను. మూలల్లో మట్టి కనబడిందా, సర్దుకున్న సంచీ ఉండనే ఉందిగా. తలుపు తీసుంటే కనబడదనుకున్నారా?"

లామొంట్ నోరు తెరిచేలోపే సెంగా బల్ల మీద చరిచింది. "ఒప్పుకున్నాం. నీళ్ళు పట్టుకురా ఐలీ, వేడివి. సబ్బు ఎక్కువ వెయ్యకు, జారి ఆఫీసరుగారి నడుం విరిగితే ఇంకో ఫిర్యాదు. ఆ బూట్లు విప్పి మరీ వెళ్ళు."

ఈసారి ఐలీ విప్పింది. వాటిని నెట్టా గుమ్మం పక్కన జతగా పెట్టి, మేజోళ్ళతో తన వాటాలోకి పరిగెత్తింది. కాసేపటికి కుళాయి చప్పుడు వినిపించింది.

పిల్ల అటు వెళ్ళగానే లామొంట్ కుర్చీ ముందుకి జరుపుకుని గొంతు తగ్గించాడు.

"సెంగా, మీకొక మాట చెప్పాలి. ఇది మూతపడినా మా పైవాళ్ళు ఈ ఇంటి మీద ఓ కన్నేసే ఉంచుతారు. కుర్రవాళ్ళకి ఇల్లిస్తే అది సత్రమవుతుందని వాళ్ళ భయం. ఒకరికిస్తే నలుగురు చేరతారంటారు. ఈ ఆర్నెల్లూ ఆ ఇంట్లో ఐలీ తప్ప ఇంకో మనిషి పడుకోకూడదు. ఒక్క రాత్రి కూడా. నాకు కాగితం వద్దు. మీ మాట కావాలి."

ఆ మాట ఎంత బరువో సెంగాకి తెలుసు. 'గడప' సంస్థ దగ్గర పూచీగా పెట్టడానికి డబ్బు లేదు, భవనాలు లేవు. సెంగా మాటుంది. ఆవిడ ఒకసారి అన్నదంటే అదే జరుగుతుందని సంఘం నమ్మబట్టే, ఊరి చుట్టూ ఇలాంటి గదుల్లో మరికొందరు పిల్లలు ఇవాళ తాళం వేసుకుని పడుకుంటున్నారు. వాళ్ళ వెనక ఇంకొందరు రేవు బెంచీల మీద తమ వంతు కోసం చూస్తున్నారు. ఒక్క మాట తప్పితే ఆ తాళాలన్నీ వదులవుతాయి.

"అంతేనా?" అంది సెంగా. "ఇచ్చాను. ఆ పిల్ల కోసం వచ్చేవాళ్ళు ఈ భూమ్మీద ఎవరున్నారు నాయనా? ఎవరైనా ఉంటే రేవు బెంచీ మీద నాకెందుకు దొరుకుతుంది?"

లామొంట్ తలూపాడు. నెట్టా అతని కప్పు మళ్ళీ నింపింది. అతను వద్దన్నాడు. ఆమెకి వినపడలేదు.

కడగడం మొదలైంది. నెట్టా పై మలుపులో కుర్చీ వేయించుకుని కూర్చుంది. లామొంట్‌ని వంటగదిలోనే ఉండమంది. మగవాళ్ళు చూస్తుంటే మెట్లు సిగ్గుపడి తెల్లబడవట.

"పైనించి కిందకి. కింద నించి పైకి కడిగేవాళ్ళని మా అమ్మ పెళ్ళికి కూడా పిలిచేది కాదు. గుడ్డ పిండు. ఇంకా పిండు. అది గుడ్డా, తడిసిన గొర్రా? మూల. మూల అంటే మధ్య కాదు పిల్లా, మూల."

ఐలీ మోకాళ్ళ మీద కూర్చుని రుద్దుతోంది. మొదట్లో భయంగా, రాయి ఎక్కడ నొచ్చుకుంటుందో అన్నట్టు. రెండో వరసకి చెయ్యి తిరిగింది. మూడో వరసకి భుజం కూడా కలిసింది. ఎప్పటిదో నల్లటి మరక ఒకటి వదలకపోతే గోరుతో గీకింది. సెంగా బకెట్టు పట్టుకుని కిందకి దిగుతూ చూస్తోంది. ఒకరి ఇంట్లో ఏదీ ముట్టుకోకుండా బతికిన పిల్ల ఇవాళ ఈ గుమ్మంలో ప్రతి రాయినీ రెండు చేతులతో ముట్టుకుంటోంది. గెలిచామని సెంగాకి అప్పుడే తెలిసిపోయింది. టీ ఇంకా చల్లారలేదు.

"మా అమ్మ కడిగిన మెట్ల మీద ఓసారి బిషప్పుగారు అద్దమనుకుని తల దువ్వుకున్నాడు," నెట్టా పైనించి చెబుతోంది. "అంతటితో ఆగాడా? మా నాన్న వెనకే దిగుతుంటే, అద్దంలో దయ్యం కనబడిందని గుండెల మీద శిలువ గుర్తు వేసుకున్నాడు."

ఐలీ నవ్వింది. ఆ మెట్ల దారిలో ఆ నవ్వు వినబడటం అదే మొదలు. గోడలకి తగిలి పైదాకా వెళ్ళింది.

నెట్టా కాస్త ఆగి, ఏప్రాన్ జేబులోంచి తెల్లటి సుద్దముక్క ఒకటి తీసింది. "ఇలా పైకి రా. పక్కనించి, తడి మీద కాకుండా. ఇది తీసుకో. పూర్వం మెట్టు అంచుకి దీంతో గీత గీసేవాళ్ళం. అటూ ఇటూ చుట్లు, మధ్యలో ఉంగరాలు. ఎవరి వాటా చుట్లు వాళ్ళవి. గీత చూసి ఎవరు కడిగారో చెప్పేవాళ్ళు. మా అమ్మ పోయాక ఈ గుమ్మంలో గీత లేదు. నాకు వంగడం అవదు, మిగతావాళ్ళకి తీరదు."

ముగ్గు పెట్టడం ఐలీకి ఎవరూ నేర్పలేదు. అయినా వంగి, మెట్టు అంచున ఒక అల గీసింది, దాని వెనక ఇంకో అల. దీవి నించి వచ్చిన పిల్ల కదా, చేతికి నీళ్ళే వచ్చాయి. నెట్టా కళ్ళద్దాలు సర్దుకుని చూసింది.

"వంకరగా ఉంది," అంది. "బాగుంది. అలాగే కింద దాకా గియ్యి కోడిపెట్టా."

సెంగా బకెట్టు దించింది. గ్రీనక్‌లో ఆడవాళ్ళు సొంత పిల్లల్నీ, సొంతమనుకున్న పిల్లల్నీ తప్ప ఇంకెవర్నీ ఆ మాటతో పిలవరు. నెట్టా తల వెనక్కి తిప్పి వంటగది కేసి అరిచింది. "ఏమయ్యా, విన్నావా? తీసేసుకున్నాను. పొగరు కొట్టెయ్. అది వట్టి బిడియమని రాసుకో."

"ఆ మాట కూడా మా పద్ధతిలో..." అంటూ లామొంట్ గుమ్మంలోకి వచ్చాడు, గొడుగుతో. "సరే, కొట్టేశాను. ఇక నేను బయల్దేరతాను."

"ఎక్కడికి? తడి మెట్ల మీదనా? నీ బూట్లు చూసుకున్నావా? ఆరేదాకా కూర్చో."

"ఎంతసేపట్లో ఆరుతాయి?"

నెట్టా ఆలోచించింది. "మా పెదనాన్న పెళ్ళికని ఉతికి ఆరేసిన చొక్కా ఆయన మనవడి పెళ్ళికి ఆరింది. నీ అదృష్టం ఎలా ఉందో. స్కోన్ రొట్టె తింటావా?"

లామొంట్ లోపలికి వెళ్ళిపోయాడు. ఐలీ అంచు తర్వాత అంచు గీసుకుంటూ, రుద్దుకుంటూ దిగింది. సెంగా వెనకే. ఆఖరి వరస. వీధి గుమ్మంలోంచి వాన వెలుతురు లోపలికి పడుతోంది. ఐలీ చివరి మెట్టు తుడిచి, సుద్దతో అల మొదలుపెట్టి, సగంలో ఆగింది.

మెట్టు ముందు రెండు బూట్లున్నాయి. బురద బూట్లు, ఒకదానికి తాడు తెగి దారం కట్టి ఉంది. పక్కన ఒక పాత పెట్టె, తడిసి రంగు మారినది.

సెంగా ఆ మనిషిని ఎప్పుడూ చూడలేదు. అయినా చూడగానే తెలిసింది. ఐలీ ముఖమే, ఇరవై ఏళ్ళు వానలో వదిలేసినట్టుంది. మోర్వెన్ జుట్టు నుదుటికి అతుక్కుపోయి ఉంది. ఒక చెయ్యి పెట్టె పిడి మీద, రెండో చెయ్యి ఎక్కడ పెట్టుకోవాలో తెలియక కోటు గుండీ మీద.

"రేవులో టికెట్లమ్మే అమ్మాయి చెప్పింది, నువ్వీ వీధిలో ఉంటున్నావని," అంది. కూతురి వంకే చూస్తోంది. ఈసారి చూపు తిప్పుకోవడానికి కెటిల్ లేదు. "వాణ్ణి వదిలేసి వచ్చానే ఐలీ. ఆ రోజు రావాల్సింది. ఇవాళొచ్చాను."

ఐలీ లేవలేదు. మోకాళ్ళ మీదే ఉంది, సుద్దముక్క చేతిలో.

మోర్వెన్ పెదవి తడుపుకుంది. "ఒక్క రాత్రికి చోటుంటుందా? ఎక్కడైనా పర్లేదు. సోఫా మీదయినా."

ఆ మాట ఐలీకి తగలడం సెంగా చూసింది. ఇన్నాళ్ళూ ఇన్ని గుమ్మాల ముందు నిలబడి పిల్ల అన్న మాట అదే, అక్షరం మారకుండా. ఇవాళ మొదటిసారి అది గుమ్మానికి అటు నించి వినబడింది.

ఐలీ చేతి గుడ్డ తీసి, తల్లి బూట్ల ముందు నేల మీద పరిచింది. "దీని మీద నిలబడు. ఇప్పుడే కడిగాను," అంది. తర్వాత తలెత్తి చూసింది. తల్లిని కాదు, సెంగాని.

"నేను నీళ్ళకి వెళ్ళినప్పుడు మీరు గొంతు తగ్గించి మాట్లాడుకున్నారు. నువ్వు 'ఇచ్చాను' అన్నది ఒక్కటే వినబడింది. పైన ఆయనకి ఏమని మాటిచ్చావు సెంగా?"

పైన మూడో అంతస్తులో తలుపు తెరుచుకుంది. "ఆరాయనే అనిపిస్తోంది మిసెస్ మెక్‌ఫెయిల్," అన్న లామొంట్ గొంతూ, గొడుగు కొన మొదటి మెట్టుకి తగిలిన చప్పుడూ, ఒకదాని వెనక ఒకటి కిందకి దిగాయి.